తొలినాటి కార్టూన్ చలనచిత్రాలు: కృతికర్త చేయి, కృతిభర్త పేరు – ఒక పరిశీలన

వ్యాససంగ్రహం

కార్టూన్ చలనచిత్రాల తొలిదశ చరిత్రను సాధారణంగా ఆవిష్కరణల వరుసగానో, ‘మొదటి చిత్రం ఏది’ అన్న వివాదంగానో చెబుతారు. 1892 నుంచి 1928 వరకు వెలువడిన కొన్ని ప్రధాన చిత్రాలలో గీసేవాడి చేయి తెరపై కనబడిన తీరును, క్రమంగా మాయమైన తీరును ఈ వ్యాసం పరిశీలిస్తుంది. చేయి మాయమవడానికి ప్రేక్షకుల అలవాటు ఒక్కటే కారణం కాదని, శ్రమ విభజన, పేటెంట్లు, స్టూడియో యాజమాన్యం కలిసి కర్తృత్వాన్ని గీసేవాడి నుంచి యజమానికి బదిలీ చేశాయని ప్రతిపాదిస్తుంది. ఇందుకు తెలుగు ప్రబంధ సంప్రదాయంలోని కృతికర్త, కృతిభర్త, ఆశ్వాసాంత గద్య అనే భావనలను విమర్శ పరికరాలుగా వినియోగిస్తుంది. తోలుబొమ్మలాటతో పోలిక ఎంతవరకు నిలుస్తుందో కూడా చర్చిస్తుంది.

కీలకపదాలు: కార్టూన్ చలనచిత్రం, యానిమేషన్ చరిత్ర, కర్తృత్వం, కృతిభర్త, ఆశ్వాసాంత గద్య, శ్రమ విభజన, తోలుబొమ్మలాట.

1. ఉపోద్ఘాతం

ప్రబంధాన్ని చదివే పాఠకుడికి ఇద్దరు వ్యక్తులు ఎదురవుతారు. ఒకరు కావ్యాన్ని రచించిన కృతికర్త. మరొకరు దానిని అంకితం పుచ్చుకున్న కృతిభర్త. అవతారికలో కృతిభర్త వంశవర్ణన ఉంటుంది, షష్ఠ్యంతాలలో అతని గుణగానం ఉంటుంది. అయినా ప్రతి ఆశ్వాసం చివర గద్యలో కవి తన పేరు, తండ్రి పేరు, తన బిరుదులు చెప్పుకుంటాడు. పోషకుడి కీర్తి ఎంత విస్తరించినా కావ్యం ఎవరు రాశారన్న విషయం గద్యలో భద్రంగా ఉంటుంది. ఈ ఏర్పాటును ఛందోనియమంలాంటి లాంఛనంగా మాత్రమే చూడటం చాలదు. కర్తృత్వాన్ని, పోషణను రెండు వేర్వేరు స్థానాలలో నిలిపి ఉంచిన సాహిత్య వ్యవస్థ ఇది.

కార్టూన్ చలనచిత్రాల తొలిదశను ఈ దృష్టితో పరిశీలిస్తే ఒక విశేషం కనబడుతుంది. ఆ దశలో గద్య పని చేసింది అక్షరం కాదు, చేయి. గీసేవాడి చేయి తెరమీదికి వచ్చి బొమ్మ గీస్తుంది, ఆ తరువాత బొమ్మ కదులుతుంది. ‘ఇది నా సృష్టి’ అన్న ప్రకటన ఆ చేతిలోనే ఉంది. రెండు దశాబ్దాలు గడిచేసరికి చాలా చిత్రాల నుంచి ఆ చేయి తప్పుకుంది. దాని స్థానంలో ఒక పేరు నిలిచింది. ఆ పేరు చాలా సందర్భాలలో గీసినవాడిది కాదు. ఈ మార్పు ఎలా జరిగిందన్నదే ఈ వ్యాసంలోని ప్రధాన ప్రశ్న.

తొలి కార్టూన్ చిత్రాలలో కళాకారుడి చేతికి ఉన్న ప్రాధాన్యాన్ని 1982లో వెలువడిన ‘బిఫోర్ మిక్కీ’ గ్రంథంలో డొనాల్డ్ క్రాఫ్టన్ విస్తృతంగా చర్చించారు. సృష్టికర్త మొదట ప్రత్యక్షంగా, తరువాత తన పాత్రల రూపంలో పరోక్షంగా చిత్రంలో నిలుస్తాడన్నది ఆయన పరిశీలనలోని ముఖ్యాంశం. సౌందర్య దృష్టితో చూసినప్పుడు ఇది బలమైన వాదం. అయితే పాత్రలో పరోక్షంగా నిలిచేది ‘ఎవరు’ అన్న ప్రశ్నను మరికొంత ముందుకు తీసుకుపోవలసి ఉంది. ఒక పాత్రను పదిమంది గీస్తున్నప్పుడు అందులో నిలిచేది ఎవరి వ్యక్తిత్వం? ఒకరు గీసి మరొకరు సంతకం చేసినప్పుడు ఆ పాత్ర ఎవరి ప్రతినిధి?

2. యంత్రాన్ని తిప్పిన చేయి: ఎమిల్ రేనో

ఫ్రాన్స్‌కు చెందిన ఎమిల్ రేనో 1877లో ప్రాక్సినోస్కోప్ అనే పరికరాన్ని రూపొందించాడు. గుండ్రంగా తిరిగే పాత్ర లోపలి అంచున వరుసగా బొమ్మలు, మధ్యలో అద్దాలు ఉండేవి. పాత్ర తిరిగితే అద్దాలలో బొమ్మ కదిలినట్లు కనబడేది. అయితే ఆ కదలిక ఒక చుట్టుతో ముగిసి మళ్లీ మొదటికి వచ్చేది. కథ చెప్పడానికి అది చాలదు. పొడవైన పట్టీమీద బొమ్మలు వేసి, దానిని ఒక చుట్టనుంచి మరొక చుట్టకు నడిపించే ‘థియాతర్ ఆప్టిక్’ అనే యంత్రానికి ఆయన 1888లో పేటెంటు తీసుకున్నాడు. 1892 అక్టోబర్ 28న పారిస్‌లోని గ్రెవాఁ మ్యూజియంలో ప్రదర్శనలు మొదలయ్యాయి. లూమియేర్ సోదరులు టిక్కెట్టు పెట్టి చలనచిత్రాలు ప్రదర్శించిన 1895 డిసెంబర్ 28కి ఇది మూడేళ్లు ముందు.

‘పోవ్ర్ పియరో’ చిత్రంలో 500 బొమ్మలున్నాయి. ప్రతి బొమ్మనూ రేనో చేతితో చిత్రించాడు. ప్రదర్శన సమయంలో యంత్రాన్ని కూడా చేతితోనే తిప్పేవాడు. ప్రేక్షకుల స్పందనను బట్టి పట్టీని ముందుకు, వెనక్కు నడిపి, ఒక చేష్టను పొడిగించే వీలు ఉండేది. ఐదువందల బొమ్మలు సుమారు పదిహేను నిమిషాల వినోదంగా మారడానికి ఇదే కారణం. అంటే ఇక్కడ గీసిన చేయి, ఆడించిన చేయి ఒకటే. అది తెరమీద కనబడకపోయినా ప్రదర్శన ప్రతిసారీ ఆ చేతి మీదే ఆధారపడింది.

ఈ పద్ధతిలోని బలమే దాని పరిమితి కూడా. చేతితో చిత్రించిన పట్టీకి నకళ్లు తీయడం సులభం కాదు. ఫోటోగ్రఫీ మీద ఆధారపడిన చలనచిత్రం ఒక ప్రతి నుంచి అనేక ప్రతులను తీసి ఊరూరా పంపగలిగింది. 1900లో రేనో ప్రదర్శనలు ముగిశాయి. తరువాతి కాలంలో నిరాశకు లోనై ఆయన తన పట్టీలలో చాలావాటిని సెన్ నదిలో పారవేశాడు. 1918లో మరణించాడు. కార్టూన్ చిత్రాల చరిత్రలో కర్తృత్వం, పునరుత్పత్తి మధ్య మొదటి ఘర్షణ ఇది. నకలు తీయరాని కృతిలో కర్త సంపూర్ణంగా ఉంటాడు. అయితే ఆ కృతి మార్కెట్టులో నిలవదు.

3. తెరమీదికి వచ్చిన చేయి: బ్లాక్టన్, కోల్

అమెరికాలో వాడెవిల్ వేదికలమీద వేగంగా బొమ్మలు గీసి ప్రేక్షకులను మెప్పించే ప్రదర్శనలు ఉండేవి. జె. స్టూవర్ట్ బ్లాక్టన్ ఆ విద్య తెలిసినవాడు. 1900లో వెలువడిన ‘ది ఎన్‌చాంటెడ్ డ్రాయింగ్’ చిత్రంలో ఆయన కాగితంమీద ఒక ముఖం, సీసా, గ్లాసు గీస్తాడు. చేయి చాచి వాటిని కాగితంనుంచి నిజమైన వస్తువులుగా బయటికి తీస్తాడు. కెమెరాను ఆపి వస్తువులు మార్చడం ఇందులోని కిటుకు. 1906 నాటి ‘హ్యూమరస్ ఫేజెస్ ఆఫ్ ఫన్నీ ఫేసెస్’లో మరొక అడుగు పడింది. నల్లబల్లమీద మొదట చేయి కనబడి సుద్దతో గీస్తుంది. ఆ తరువాత చేయి లేకుండానే గీతలు వాటంతటవే ముఖాలుగా రూపొందుతాయి. పురుషుడు చుట్ట పొగ వదులుతాడు, ఆ పొగలో స్త్రీ ముఖం మునిగిపోతుంది. చివరకు చేయి మళ్లీ వచ్చి బొమ్మలను తుడిచివేస్తుంది.

ఇక్కడ చేయికి రెండు పనులున్నాయి. మొదటిది సాక్ష్యం. తాము చూస్తున్నది మనిషి గీసిన బొమ్మే అని అది ప్రేక్షకులకు నమ్మకం కలిగిస్తుంది. రెండవది అధికారం. పుట్టించినదీ, తుడిచినదీ ఆ చేయే. బొమ్మకు కదలిక వచ్చింది గాని స్వాతంత్ర్యం రాలేదు.

ఎమిల్ కోల్ చిత్రంలో ఈ సంబంధం మరింత సంక్లిష్టమవుతుంది. 1857లో జన్మించిన కోల్ వృత్తిరీత్యా వ్యంగ్య చిత్రకారుడు, ఆంద్రే జిల్ శిష్యుడు. యాభై ఏళ్లు దాటిన తరువాత గోమోఁ సంస్థలో పనిచేస్తూ ‘ఫాంటస్మగోరీ’ చిత్రాన్ని రూపొందించాడు. అది 1908 ఆగస్టు 17న విడుదలైంది. సుమారు 700 బొమ్మలను తెల్లకాగితంమీద సిరాతో గీసి, ఒక్కొక్క దానిని రెండుసార్లు చిత్రీకరించాడు. నెగటివ్‌గా ముద్రించడంవల్ల అవి నల్లబల్లమీద సుద్దగీతల్లా కనబడతాయి. నిడివి రెండు నిమిషాలలోపే.

ఆరంభంలో చేయి ఒక విదూషకుణ్ణి గీస్తుంది. అక్కడినుంచి రూపాలు ఒకదానిలోనుంచి ఒకటి పుడుతూ పోతాయి. ఒక వస్తువు మరొక వస్తువుగా, ఒక స్థలం మరొక స్థలంగా మారుతుంది. కార్యకారణ సంబంధానికి ఇక్కడ పని లేదు, గీతలోని సాగే గుణమే కథను నడిపిస్తుంది. చిత్రం చివరిలో విదూషకుడు ఎత్తునుంచి పడి ముక్కలవుతాడు. అప్పుడు కళాకారుడి చేతులు తెరమీదికి వచ్చి అతణ్ణి అతికిస్తాయి. అతడు మళ్లీ లేచి గుర్రంమీద వెళ్లిపోతాడు.

బ్లాక్టన్ చేయి తుడిచింది, కోల్ చేయి అతికించింది. ఈ భేదం చిన్నది కాదు. మొదటిదానిలో చేయి గారడీవాడిది, ఆట ముగిశాక సామగ్రి సర్దుకుంటుంది. రెండవదానిలో చేయికి తాను గీసిన బొమ్మపట్ల బాధ్యత ఉంది. పైగా బొమ్మ ఆ చేతిని దాటి వెళ్లిపోతుంది. ‘ఫాంటస్మగోరీ’ని మొదటి కార్టూన్ చిత్రమని పలువురు చరిత్రకారులు చెప్పడానికి సాంకేతిక కారణాలున్నాయి. అయితే దాని అసలు విలువ కర్తకు, కృతికి మధ్య ఇటువంటి బంధాన్ని ఊహించడంలో ఉంది.

4. మెకే: వేదికమీది కర్త, తెరవెనుక సహాయకుడు

విన్సర్ మెకే పత్రికలలో ‘లిటిల్ నీమో’ చిత్రకథతో ప్రసిద్ధుడు. 1911లో అదే పాత్రలతో ఆయన తీసిన చిత్రానికి ఉపోద్ఘాతంగా ఒక దృశ్యం ఉంటుంది. నాలుగువేల బొమ్మలు గీసి కదిలేటట్లు చేస్తానని మెకే తోటి చిత్రకారులతో పందెం వేస్తాడు. పీపాలలో సిరా, మోపులుగా కాగితం వస్తాయి. శ్రమ పరిమాణమే ఇక్కడ వినోద వస్తువు. 1912 నాటి ‘హౌ ఎ మస్కిటో ఆపరేట్స్’ తరువాత 1914లో ‘గర్టీ ది డైనోసార్’ వచ్చింది.

‘గర్టీ’ మొదట వాడెవిల్ ప్రదర్శనలో భాగం. మెకే కొరడా పట్టుకుని తెర పక్కన నిలబడి ఆజ్ఞలిచ్చేవాడు, తెరమీద గర్టీ వాటిని పాటించేది, ఒక్కోసారి మొండికేసేది, మందలిస్తే ఏడ్చేది. చివరకు మెకే తెర వెనుకకు వెళ్లగానే బొమ్మ రూపంలో ఆయన తెరమీద ప్రత్యక్షమయ్యేవాడు. ఇక్కడ కర్త నిలువెత్తుగా తన కృతిలోకి ప్రవేశించాడు. తొలి కార్టూన్ చరిత్రలో కర్తృత్వానికి ఇంతకంటే ఘనమైన ప్రకటన కనబడదు.

అయితే ఈ ప్రకటన పూర్తి సత్యం కాదు. గర్టీ కదిలినప్పుడల్లా వెనుకనున్న కొండలు, చెరువు, చెట్టు ప్రతి కాగితంమీదా మళ్లీ గీయవలసి వచ్చేది. ఆ పనిని జాన్ ఫిట్జ్‌సిమన్స్ అనే యువకుడు చేశాడు. ప్రతి కాగితంమీదా అదే గీతను అదే చోట నిలపడం అతని పని. అదే సంవత్సరం వెలువడిన చిత్ర రూపంలో, ఉపోద్ఘాత దృశ్యంలో, కాగితాల దొంతర మోసుకుంటూ జారిపడే సహాయకుడు ఒకడు కనబడతాడు. సహాయకుడికి తెరమీద దక్కిన స్థానం ఇదే. అతడు గీస్తున్నట్లు కాక మోస్తున్నట్లు, నైపుణ్యంతో కాక తొట్రుపాటుతో కనబడతాడు. ప్రేక్షకులు నవ్వుకునే ఆ క్షణం విమర్శకుడికి ముఖ్యమైనది. ఏకైక కర్త ప్రతిమ నిలబడాలంటే రెండవ చేయి హాస్యంగా మారవలసి వచ్చింది.

మెకే పట్ల ఇది అభియోగం కాదు. గర్టీ దేహంలోని బరువు, ఊపిరి, మారాం అన్నీ ఆయన ప్రతిభే. తరువాత ‘ది సింకింగ్ ఆఫ్ ది లూసిటానియా’ చిత్రానికి ఆయన, కొద్దిమంది సహాయకులు దాదాపు రెండేళ్లు శ్రమించారు. 1918లో అది విడుదలైంది. ఒక్క చిత్రానికి రెండేళ్లు పట్టే పద్ధతి వారం వారం కొత్త వినోదం కోరే సినిమా హాళ్లకు సరిపోదు. అప్పటికే మరొక పద్ధతి స్థిరపడింది.

5. చేతినుంచి పేటెంటుకు: బ్రే, హర్డ్, బారే

న్యూయార్క్‌లో జాన్ రాండాల్ఫ్ బ్రే సమస్యను తలకిందులుగా చూశాడు. ప్రతి కాగితంమీదా నేపథ్యాన్ని మళ్లీ గీయడం ఎందుకు? దానిని ముద్రించుకోవచ్చు కదా? ఈ దిశలో ఆయన 1914లో పేటెంట్లు పొందాడు. అదే సంవత్సరం ఎర్ల్ హర్డ్ పారదర్శకమైన సెల్యులాయిడ్ పత్రాలను వాడే పద్ధతికి దరఖాస్తు చేశాడు. నేపథ్యాన్ని ఒకసారే గీసి కింద ఉంచి, కదిలే పాత్రను పారదర్శక పత్రంమీద గీసి పైన పరిస్తే చాలు. ఇదే తరువాత ‘సెల్’ పద్ధతిగా ప్రసిద్ధమై దశాబ్దాలపాటు నిలిచింది. బ్రే, హర్డ్ తమ పేటెంట్లను కలిపి ఒక సంస్థగా ఏర్పడ్డారు. ఈ పద్ధతులు వాడదలచుకున్న ఇతర స్టూడియోలు వారికి రుసుము చెల్లించవలసి వచ్చింది. 1932లో గడువు తీరేవరకు ఈ ఏర్పాటు కొనసాగింది. రౌల్ బారే స్టూడియోలో కాగితాలకు రంధ్రాలు చేసి మేకులమీద కూర్చే పద్ధతి అమలైంది. ప్రతి బొమ్మా కచ్చితంగా ఒకే చోట నిలవడానికి అది ఉపకరించింది.

వీటిని సాంకేతిక ప్రగతిగా మాత్రమే చూడటం పరిపాటి. అయితే ఈ మూడు మార్పులలో ఒక సామాన్య లక్షణం ఉంది. ఇవన్నీ ఒకరు గీసినదానిని మరొకరు కొనసాగించడానికి వీలు కల్పిస్తాయి. మేకులు ఉన్నాయి గనుక ఒకరి బల్లమీది కాగితం మరొకరి బల్లమీద అదే స్థానంలో కూర్చుంటుంది. సెల్ ఉంది గనుక ఒకరు పెన్సిలుతో గీసిన గీతను మరొకరు సిరాతో దిద్ది, ఇంకొకరు రంగు నింపవచ్చు. మెకే ఇంట్లో ఇద్దరిమధ్య ఉన్న శ్రమ విభజన స్టూడియోలో అంచెలంచెల వ్యవస్థగా మారింది. చేయి మాయమైందనడంకంటే చేతులు అనేకమయ్యాయనడం సరైనది. అనేకమైన చేతులలో ఏ ఒక్కదానినీ తెరమీద ‘ఇదే కర్త’ అని చూపడం సాధ్యం కాదు.

పేటెంటు మరొక పని కూడా చేసింది. అంతవరకు ‘ఇది నాది’ అన్న హక్కు గీతలో, శైలిలో, చేతి కదలికలో ఉండేది. ఇప్పుడు ఆ హక్కు పద్ధతిమీదికి మారింది. గీసేవాడు గీయడానికే అనుమతి అవసరమైంది. కర్తృత్వం దేహంనుంచి పత్రానికి చేరింది.

6. చేయి తిరిగి వచ్చింది: ఫ్లైషర్

ప్రేక్షకులకు బొమ్మల కదలిక అలవాటైన తరువాత చేతి అవసరం తీరిపోయిందన్న వివరణ ఒకటి ఉంది. ఇది నిజమైతే 1920 దశకంలో చేయి పూర్తిగా మాయం కావాలి. మాక్స్ ఫ్లైషర్ ‘అవుట్ ఆఫ్ ది ఇంక్‌వెల్’ చిత్రాలు దీనికి విరుద్ధమైన సాక్ష్యం. ఫ్లైషర్ రూపొందించిన రోటోస్కోప్ పరికరానికి 1917లో పేటెంటు లభించింది. ముందుగా మనిషిని చిత్రీకరించి, ఆ చిత్రాన్ని ఒక్కొక్క ఫ్రేముగా గాజుపలకమీద చూస్తూ గీయడం దాని సూత్రం. సోదరుడు డేవ్ విదూషక వేషం వేసుకుని ఆడగా, ఆ కదలికలనుంచి కోకో అనే విదూషకుడు పుట్టాడు.

ఈ చిత్రాలలో మాక్స్ స్వయంగా బల్లముందు కూర్చుంటాడు. సిరాబుడ్డిలో కలం ముంచి కోకోను గీస్తాడు. కోకో అల్లరిచేసి, తప్పించుకుని, చివరకు సిరాబుడ్డిలోకే తిరిగి చేరతాడు. పైకి ఇది బ్లాక్టన్, కోల్‌ల పద్ధతే. అయితే 1921 తరువాత ఫ్లైషర్‌కు సొంత స్టూడియో ఉంది, అందులో డిక్ హ్యూమర్ వంటి సమర్థులైన యానిమేటర్లు ఉన్నారు. తెరమీద గీస్తున్నట్లు కనబడేవాడు మాక్స్. తెరమీది కోకోను కదిలించినవారు వేరు. 1908లో చేయి సాక్ష్యం చెప్పింది. ఇక్కడ అదే చేయి నటిస్తోంది. అది గీసేవాడి చేయిగా కనబడే యజమాని చేయి.

కాబట్టి చేయి తెరమీద ఉందా లేదా అన్నదానికంటే అది ఎవరి చేయి అన్నదే సరైన ప్రశ్న. అలవాటు సిద్ధాంతం ఈ ప్రశ్నకు సమాధానం చెప్పలేదు.

7. గద్యను ఆక్రమించిన కృతిభర్త: ఫెలిక్స్, మిక్కీ

1919లో ‘ఫెలైన్ ఫాలీస్’ అనే చిత్రంలో ఒక నల్లపిల్లి కనబడింది. తరువాత అది ఫెలిక్స్‌గా ప్రసిద్ధమై 1920 దశకంలో విపరీతమైన జనాదరణ పొందింది. ఫెలిక్స్ తోక ప్రశ్నార్థకమవుతుంది, ఆశ్చర్యార్థకమవుతుంది, అవసరమైతే పనిముట్టవుతుంది. వెనుక చేతులు కట్టుకుని ఆలోచిస్తూ పచార్లు చేసే ఆ నడకలోనే ఒక వ్యక్తిత్వం ఉంది. కోల్ గీతలోని సాగే గుణం ఇక్కడ ఆలోచనాశక్తిగా మారింది.

ఈ చిత్రాలమీద ఉన్న పేరు స్టూడియో యజమాని పాట్ సలివాన్‌ది. వాటికి దర్శకత్వం వహించి, ప్రధానంగా గీసినవాడు ఒట్టో మెస్మర్. సలివాన్ 1933లో మరణించాడు. మెస్మర్ పాత్రను చరిత్రకారులు బలంగా వెలికితీసింది దశాబ్దాల తరువాతనే. ఆ కృషిలో జాన్ కేన్‌మేకర్ పరిశోధన ముఖ్యమైనది. సలివాన్ జన్మభూమి అయిన ఆస్ట్రేలియాలో ఫెలిక్స్ సృష్టి అతనిదే అని వాదించేవారూ ఉన్నారు. వివాదంలో ఎవరి పక్షం నిలుస్తుందన్నది ఒక సంగతి. ఇంత ప్రసిద్ధమైన పాత్రకు కర్త ఎవరన్న ప్రశ్న వివాదంగా మిగలడమే ఇక్కడ గమనించవలసిన సంగతి. చేయి సాక్షిగా ఉన్న కాలంలో ఈ వివాదానికి తావు ఉండేది కాదు.

మిక్కీ మౌస్ విషయంలో పత్రం భిన్నంగా ఉంది. 1928 నవంబర్ 18న న్యూయార్క్ కాలనీ థియేటర్‌లో ప్రదర్శితమైన ‘స్టీమ్‌బోట్ విల్లీ’ ఆరంభ ఫలకంలో వాల్ట్ డిస్నీ పేరుతోపాటు అబ్ ఐవర్క్స్ పేరు కూడా ఉంది. ఒకే ఫలకంలో కృతిభర్త, కృతికర్త ఇద్దరూ కనబడిన అరుదైన సందర్భం ఇది. 1930లో ఐవర్క్స్ సంస్థను విడిచాడు. ఆ దశాబ్దంలో వచ్చిన డిస్నీ పొట్టి చిత్రాల ఫలకాలమీద గీసినవారి పేర్లు సాధారణంగా కనబడవు. 1941లో ఆ స్టూడియోలో జరిగిన సమ్మెకు వేతనాలు, సంఘ గుర్తింపుతోపాటు తెరమీద పేరు లేకపోవడం కూడా ఒక కారణం. సెల్‌లమీద సిరా దిద్ది రంగులు నింపిన స్త్రీల పేర్లు తెరమీదికి రావడానికి మరింత కాలం పట్టింది.

వాల్ట్ డిస్నీ చేసింది పోషణ మాత్రమే అనడం కూడా అన్యాయమే. కథను మలచడం, ధ్వనిని బొమ్మతో జతపరచడం, ప్రతిభావంతులను ఒకచోట చేర్చడం ఆయన సృజనలో భాగం. నిర్వహణ కూడా ఒక రకమైన కర్తృత్వమే. అయితే ప్రబంధకవికి గద్య ఉన్నట్లు స్టూడియో చిత్రకారుడికి తన స్థానం మిగలలేదు. కృతిభర్త అవతారికతో తృప్తిపడలేదు, గద్యను కూడా తన పేరిట రాయించుకున్నాడు.

8. ‘మొదటిది’ అనే సమస్య

కర్తృత్వం పేరుగా, పేరు వ్యాపారచిహ్నంగా మారినప్పుడు చరిత్ర రచన కూడా దానినే అనుసరిస్తుంది. 1937 నాటి ‘స్నో వైట్’ మొదటి పూర్తినిడివి కార్టూన్ చిత్రమని ఇప్పటికీ చాలాచోట్ల కనబడుతుంది. సెల్ పద్ధతిలో వచ్చిన అమెరికన్ చిత్రాలకు పరిమితం చేస్తేనే ఆ మాట నిలుస్తుంది. అర్జెంటీనాలో కిరీనో క్రిస్తియాని 1917లో ‘ఎల్ అపోస్తొల్’ అనే రాజకీయ వ్యంగ్య చిత్రాన్ని అట్టముక్కల బొమ్మలతో పూర్తినిడివిలో తీశాడు. నాటి అధ్యక్షుడు ఇరిగోయెన్ అందులో వ్యంగ్యానికి గురయ్యాడు. అగ్నిప్రమాదంలో దాని ప్రతులు నశించాయి. 1926లో జర్మనీలో లోటే రైనిగర్ ‘ప్రిన్స్ అఖ్మెద్’ చిత్రాన్ని నల్ల అట్టనుంచి కత్తిరించిన ఛాయాకృతులతో మూడేళ్లు శ్రమించి రూపొందించింది. లభిస్తున్న పూర్తినిడివి యానిమేషన్ చిత్రాలలో అదే ప్రాచీనం. కార్ల్ కోహ్, వాల్టర్ రుట్‌మన్, బెర్తోల్డ్ బార్తోష్ ఆమెకు సహకరించారు.

భారతదేశంలో దాదాసాహెబ్ ఫాల్కే 1915 ప్రాంతంలో అగ్గిపుల్లలను కదిలించి ‘ఆగ్‌కాడ్యాంచీ మౌజ్’ తీశాడు. అది ఇప్పుడు లభ్యం కాదు. 1934లో కలకత్తా న్యూ థియేటర్స్ నుంచి ‘ది పీ బ్రదర్స్’ వచ్చింది. ఫిల్మ్స్ డివిజన్ కార్టూన్ విభాగం 1957లో జాతక కథ ఆధారంగా ‘ది బన్యన్ డీర్’ను అందించింది. ‘తొలి’ జాబితాలలో ఈ చిత్రాలకు దక్కిన స్థానం వాటి కాలాన్నిబట్టి కాక, ప్రతి మిగిలిందా, దానిని ప్రచారం చేసే సంస్థ ఉందా అన్నదానిపై ఆధారపడింది. నశించిన ప్రతికి గద్య ఉన్నా చదివేవారు లేరు.

9. తోలుబొమ్మలాటతో పోలిక: ఎంతవరకు?

యానిమేషన్‌కు మూలాలు తోలుబొమ్మలాటలో ఉన్నాయన్న మాట తెలుగు వ్యాసాలలో అప్పుడప్పుడు వినబడుతుంది. ఈ మాటను జాగ్రత్తగా వాడవలసి ఉంది. నిమ్మలకుంట వంటి చోట్ల తయారయ్యే తోలుబొమ్మలో కదలిక ప్రేక్షకుల ఎదుట ఆ క్షణంలోనే జరుగుతుంది. కార్టూన్ చిత్రంలో ఏ క్షణంలోనూ కదలిక జరగలేదు. నిశ్చలమైన బొమ్మల మధ్య ఖాళీలోనుంచి అది పుడుతుంది. రైనిగర్ ఛాయాకృతులు చూపుకు తోలుబొమ్మలకు దగ్గరగా కనబడినా భేదం స్పష్టం. ఆమె అట్ట కాంతిని అడ్డుకుంటుంది, తెలుగు తోలుబొమ్మ కాంతిని రంగులతో తనగుండా ప్రసరింపజేస్తుంది. రేనో ప్రదర్శన మాత్రం ఈ సంప్రదాయానికి నిజంగా సమీపం, ఎందుకంటే అక్కడ ఆడించే చేయి ప్రదర్శన సమయంలో సజీవంగా ఉంది.

పోలిక నిజంగా ఫలించేది కర్తృత్వం విషయంలో. తోలుబొమ్మలాటలో బొమ్మ కోసినవారు, ఆడించినవారు, పాడినవారు కుటుంబంగా, మేళంగా పనిచేస్తారు. వారి పేర్లు తెరమీద లేవు. వారు ఆశ్రయించే రంగనాథ రామాయణం కర్తృత్వం కూడా సరళమైనది కాదు. గోన బుద్ధారెడ్డి తన తండ్రి విట్ఠలుని పేరిట దానిని చెప్పాడని కావ్యమే తెలుపుతుండగా, ‘రంగనాథ’ అన్న పేరు ఎలా వచ్చిందన్న విషయంపై పండితులు చాలాకాలం చర్చించారు. అయితే ఆ చర్చ సాధ్యమైంది కావ్యంలో ఆధారం మిగిలినందువల్లనే. పైగా బుద్ధారెడ్డి తండ్రి పేరును తానే ఎంచుకున్నాడు. క్షేత్రయ్య ‘మువ్వగోపాల’ ముద్రను తానే స్వీకరించినట్లే ఇదీ. తన పేరును తాను వెనక్కు నెట్టుకోవడం వేరు, మరొకరు నెట్టివేయడం వేరు. సామూహిక కళకు పేరు అవసరం లేదన్న వాదాన్ని స్టూడియో వ్యవస్థకు అన్వయించలేకపోవడానికి కారణం ఇదే. మేళంలో ఎవరి పేరూ లేదు. స్టూడియోలో ఒక్కరి పేరు ఉంది.

10. ముగింపు

ఈ పరిశీలనలో తేలిన అంశాలు ఇవి.

1. తొలి కార్టూన్ చిత్రాలలో కనబడే చేయి ఆశ్వాసాంత గద్య వంటి కర్తృత్వ ప్రకటన. బ్లాక్టన్‌లో అది అధికారంగా, కోల్‌లో బాధ్యతగా, మెకేలో నిలువెత్తు ప్రదర్శనగా రూపొందింది.

2. ఏకైక కర్త భావన మెకే కాలంలోనే పూర్తి సత్యం కాదు. తెరమీద తొట్రుపడిన సహాయకుడి రూపంలో ఆ లోపం చిత్రంలోనే నమోదైంది.

3. సెల్, మేకులు, ముద్రిత నేపథ్యం వంటి పద్ధతులు శ్రమను పంచాయి, పేటెంట్లు హక్కును కేంద్రీకరించాయి. ఈ రెండూ ఒకేసారి జరగడంవల్లనే కర్తృత్వం యజమానికి బదిలీ అయింది.

4. ఫ్లైషర్ చిత్రాలు చేయి మాయమవడాన్ని ప్రేక్షకుల అలవాటుతో మాత్రమే వివరించలేమని నిరూపిస్తున్నాయి.

5. ‘మొదటి చిత్రం’ జాబితాలు కాలక్రమాన్నికంటే ప్రతులు, ప్రచారం, వ్యాపారచిహ్నం నిలిచిన తీరును ఎక్కువగా ప్రతిబింబిస్తున్నాయి.

తెలుగులో చలనచిత్ర అధ్యయనం ఇంతవరకు నటులు, దర్శకులు, సాహిత్యం చుట్టూ ఎక్కువగా సాగింది. యానిమేషన్ నేడు పెద్ద పరిశ్రమ. హైదరాబాదులోని స్టూడియోలలో తెలుగు యువతీయువకులు ఇతర దేశాల చిత్రాలకు కూడా బొమ్మలు కదిలిస్తున్నారు. చిత్రం చివర వేగంగా పైకి జారిపోయే వందల పేర్లలో వారి పేరు ఉంటే ఉంటుంది, లేకుంటే లేదు. ఆ పేర్లు పూర్తికాకముందే హాలులో దీపాలు వెలుగుతాయి. గద్య చదవకుండా కావ్యాన్ని మూసే అలవాటు సాహిత్య విద్యార్థికి లేదు. చలనచిత్రం విషయంలోనూ ఆ అలవాటును కొనసాగించడం, ఏ చేయి ఏ గీత గీసిందో అడగడం, తెలుగు పరిశోధకుడు ఈ రంగానికి చేర్చగలిగిన విలువైన పద్ధతి.